తెరవకండి

వీర్రాజు చెయ్యి కాలిందన్న కబురు వచ్చేసరికి షరీఫున్నీసా ప్రింటరుకి కొత్త రిబ్బను ఎక్కిస్తోంది. వేళ్ళనిండా నల్లరంగు. టైపిస్టు కనకరత్నం తలుపు తోసుకుని గబగబా లోపలికొచ్చింది.

"విన్నారా షరీఫా గారూ? షెడ్డులో కొత్త బాయిలరు దగ్గర ప్రమాదమట. వీర్రాజు మీద మరిగే నీళ్ళు పడ్డాయట. కుడిచెయ్యి మోచేతిదాకా ఉడికిపోయిందంటున్నారు. ఇప్పుడే జీపులో పెద్దాసుపత్రికి తీసుకుపోయారు."

"ఏ వీర్రాజు?"

"అదేనండీ, మన కిటికీ దగ్గర పని కార్డు తీసుకుని అక్కడే నిలబడి పైకి చదువుతాడు చూడండి. ఆ ఫిట్టరు."

షరీఫాకి మనిషి కళ్ళముందుకొచ్చాడు. తక్కినవాళ్ళు కార్డుని నాలుగు మడతలు పెట్టి చొక్కాజేబులో కుక్కుకుని పోతారు. వీర్రాజు మాత్రం కిటికీ చెక్కమీద కార్డు పరుచుకుని, గ్రీజు అంటిన చూపుడువేలు లైను కింద పెట్టి, ఒక్కొక్క మాటా కూడబలుక్కుంటూ చదివేవాడు. వెనక నిలబడ్డవాళ్ళు "ఏటి బావా, పరీచ్చకి ఎల్తావేటి?" అని ఎగతాళి చేసినా తల తిప్పేవాడు కాదు. ఆఖరి మాట కూడా అయ్యాక, కిటికీలోంచి ఒకసారి ఆమెకేసి చూసి నవ్వి అప్పుడు కదిలేవాడు. కంచరపాలెంలో యూనియన్ వాళ్ళు నడిపే రాత్రిబడిలో ఈమధ్యే అక్షరాలు నేర్చుకున్నాడని కనకరత్నం ఎప్పుడో చెప్పింది.

అది పంతొమ్మిది వందల ఎనభై ఎనిమిది. రేవుని ఆనుకుని ఉన్న ఆ కంపెనీ ఓడల పంపులు, బాయిలర్లు బాగుచేస్తుంది. ఆఫీసు కిటికీల ఊచల మీద ఇనపఖనిజం ఎర్రధూళి తుడిచిన గంటకే మళ్ళీ పేరుకునేది. కంప్యూటరు గదిలోకి మాత్రం ఆ ధూళి రాకుండా తలుపు అంచులకి రబ్బరు పట్టీలు వేయించారు. షెడ్డులో పనివాళ్ళకిచ్చే సూచనల కార్డులు అంతకుముందు ఇంగ్లీషులో ఉండేవి. ఎవరో ఒకరు చదివి చెబితే తక్కినవాళ్ళు విని పనిచేసేవారు. వాటిని తెలుగులో అచ్చువేసే ప్రోగ్రాము రాయడానికే షరీఫాని ఉద్యోగంలోకి తీసుకున్నారు.

రిబ్బను బిగించి చేతులు తుడుచుకుంటూ ఉండగా మేనేజరు గురునాథరావు వచ్చాడు. చేతిలో ఇంజనీరు రాసిచ్చిన చిత్తుప్రతి ఉంది.

"ఇదిగో చూడండి. 'గేజి ముల్లు సున్నాకి దిగేవరకు అడుగు వాల్వు తెరవకండి.' గుండ్రటి అక్షరాలతో రాసి ఉంది. కనకరత్నం, నువ్వు కొట్టింది ఇదే కదా?"

"ఇదేనండీ. అక్షరం పొల్లుపోకుండా కొట్టాను."

"మరింకేం! ముల్లు ఎర్రగీత దగ్గరుండగా తెరిచాడట. పాత బాయిలరైతే వాడికి చెయ్యి తిరిగినపని. ఇది కొత్తది, దీని పద్ధతి వేరు. అందుకే కదా కార్డు ఇచ్చింది! ఆ కార్డేమో నీళ్ళలో తడిసి ముద్దయిపోయింది." గురునాథరావు నిట్టూర్చాడు. "కూడబలుక్కునేవాడు చదివాననుకుంటే ఇదే వస్తుంది."

వాళ్ళిద్దరూ మాట్లాడుకుంటూనే బయటికి వెళ్ళారు. షరీఫా చేతిగుడ్డ పట్టుకుని అలాగే నిలబడిపోయింది. గురునాథరావు చదివిన వాక్యంలో చివరి మాట ఆమె చెవిలో ముల్లులా దిగబడింది.

కుర్చీ లాక్కుని కూర్చుంది. ఆ వాక్యాన్ని ఉన్నదున్నట్టు కొట్టింది. తెరమీద సరిగ్గానే కనబడింది. అచ్చువెయ్యమని ఆజ్ఞ ఇచ్చింది. ప్రింటరు కీచుమంటూ అటూ ఇటూ పరిగెత్తి ఆగింది. కాగితం చింపి చూసింది.

'గేజి ముల్లు సున్నాకి దిగేవరకు అడుగు వాల్వు తెరవండి.'

చదవడానికి వాక్యం ఎంత బాగుందో! ఎక్కడా తొట్రుపాటు లేదు. చదివిన ఏ మనిషైనా వాల్వు తెరిచిపెట్టి, ముల్లు దిగేవరకు కాచుకుని ఉంటాడు.

'వదలకండి' అని కొట్టింది. 'వదలండి' అని వచ్చింది. 'ముట్టుకోకండి' అని కొట్టింది. ఆ కాగితం చింపి చూసే ధైర్యం లేక ప్రింటరు స్విచ్చి కట్టేసింది.

ఆమె రాసింది మాటల లైబ్రరీ. ఇది పుస్తకాల లైబ్రరీ కాదు. ఒక్కొక్క పనికి ఒక్కొక్క చిన్న ముక్క చొప్పున రాసి ఒకచోట కట్టగట్టి ఉంచితే, ఏ ప్రోగ్రాముకి కావలసినప్పుడు ఆ ప్రోగ్రాము పిలిచి పనిచేయించుకుంటుంది. ఆ కట్టని లైబ్రరీ అంటారు. తెలుగు మాటకి తోక పొడుగు. చెయ్యండి, చెయ్యకండి, చేయించండి, చేయించకండి - అన్నిటినీ డిక్షనరీలో పెట్టాలంటే ఫ్లాపీలు చాలవు. అందుకని తోకలు కోసి అసలు మాట తేల్చే ముక్క ఒకటి రాసింది. కొట్టిన మాట డిక్షనరీలో లేకపోతే టైపిస్టు తప్పుకొట్టిందనుకుని, దానికి దగ్గరగా ఉన్న మాటని పెట్టే ముక్క ఇంకొకటి రాసింది. మొదట్లో అది మాట మార్చేముందు ఆగి అడిగేది. ప్రతిదానికీ ఆగుతుంటే చూసేవాళ్ళకి విసుగని గురునాథరావు అడగడం తీయించేశాడు.

కానీ 'క' సంగతి పూర్తిగా ఆమెదే. 'నొక్కండి'లో, 'తొక్కండి'లో క అసలు మాటకి చెందింది. 'తెరవకండి'లో క వద్దని చెప్పేది. ఆమె రాసిన ముక్కకి ఈ తేడా తెలియలేదు. హైదరాబాదునుంచి పెద్దవాళ్ళు చూడ్డానికి వస్తారనగా ముందురోజు, 'మీట నొక్కండి' అన్న మాటని పట్టుకుని అది గందరగోళం చేసింది. సరిగ్గా విడదీసి రాయాలంటే ఇంకో రోజు కూర్చోవాలి. ఆమె ఒక్క లైను రాసింది: 'అండి' ముందు క వస్తే లెక్కలోకి తీసుకోకు. అంతే, 'నొక్కండి' చక్కగా అచ్చుపడింది. కానీ ఇక 'తెరవకండి'లాంటిది వస్తే, అది డిక్షనరీలో లేని మాటనుకుని రెండో ముక్క దగ్గరున్న 'తెరవండి' పెట్టేస్తుంది. వచ్చినవాళ్ళకి చూపించిన కార్డుల్లో వద్దన్నవన్నీ 'కూడదు' అనే ఉన్నాయి కాబట్టి ఏ తేడా రాలేదు. చప్పట్లు కొట్టారు, కాఫీలు తాగారు. తర్వాత సరిచేద్దామనుకుంది. తర్వాత వేరే పని వచ్చింది. గుర్తొచ్చినప్పుడల్లా రేపు చూద్దామనుకుంది.

తెలియక చేసింది కాదు. అదే ఆమెని కుర్చీలోంచి లేవనివ్వలేదు.

మర్నాడు పొద్దున్నే వెళ్ళి గురునాథరావుకి చెప్పింది. చెబుతున్నంతసేపూ ఆయన పేపరువెయిటుని వేలితో తిప్పుతూనే ఉన్నాడు. ఆమె ఆగాక, అదీ ఆగింది.

"ఎవరికైనా చెప్పావా?"

"లేదు సార్."

"సరిచెయ్యడానికి ఎంతసేపు పడుతుంది?"

"సాయంత్రంలోపల అయిపోవచ్చు."

"అయితే వెళ్ళి ఆ పని చెయ్యి."

ఆమె కదల్లేదు. "వీర్రాజు సంగతి సార్? సూచన పాటించలేదని ఎంక్వైరీ పెడుతున్నారట."

గురునాథరావు కళ్ళజోడు తీసి బల్లమీద పెట్టాడు. ఆయన చెడ్డమనిషి కాదు. అర్ధరాత్రి షిఫ్టువాళ్ళకి టీ ఏర్పాటు చేయించింది ఆయనే.

"వీర్రాజుని నేను చూసుకుంటాను. ఉద్యోగం పోనివ్వను. గేటు దగ్గరో స్టోర్సులోనో కూర్చోబెడదాం. కానీ కార్డే తప్పని బయటపడిందనుకో, రేపట్నుంచి ఈ ప్రోగ్రాము ఉండదు. మళ్ళీ ఇంగ్లీషు కార్డులు. ఎవడో చదవడం, ఎవడో వినడం. దాంట్లో ఎన్ని చేతులు కాలతాయో ఆలోచించు." కొంచెంసేపు ఆగి, గొంతు తగ్గించాడు. "ఇంకో మాట. నేననను, జనం అంటారు. ఇంట్లో తెలుగు మాట్లాడని పిల్లచేత తెలుగు ప్రోగ్రాము రాయించారు, ఇంకేమవుతుంది అంటారు. ఆ మాట నువ్వెందుకు పడాలి?"

షరీఫా తల దించుకుంది. ఈ ఊరి పాతనగరంలో వాళ్ళింట్లో మాట్లాడేది ఉర్దూ. స్కూల్లో తెలుగులో ప్రతి ఏడూ ఫస్టు మార్కు ఆమెదే. ఫస్టు వచ్చిన ప్రతిసారీ ఎవరో ఒకరు 'సాయిబులమ్మాయికా!' అని ఆశ్చర్యపోయేవారు. ఆ ఆశ్చర్యం మళ్ళీ వినాలంటే ఆమెకి ఒళ్ళు జలదరిస్తుంది. గురునాథరావుకి ఆ సంగతి తెలుసో తెలీదో గానీ, వేలు సరిగ్గా అక్కడే పెట్టాడు.

ఆమె తన గదికి వచ్చి పనిలో కూర్చుంది. మధ్యాహ్నం టీ రాకముందే అయిపోయింది. 'తెరవకండి' తెరవకండిగానే వచ్చింది, 'నొక్కండి' నొక్కండిగానే వచ్చింది. ఇంత తేలిక పని! ఇన్నాళ్ళూ వాయిదా వేసింది ఈ కాస్త పనినా అని కాగితాలు ముందు పెట్టుకుని కూర్చుంది. కుర్రాడు తెచ్చిపెట్టిన టీ మీద మీగడ కట్టింది.

ఆ రోజు ఇంట్లో అమ్మ ఆమినాబీ వేడివేడి అన్నం కంచంలో పెట్టింది. షరీఫా చెయ్యి పెట్టబోయింది. ఆవిరి వేళ్ళకి తగలగానే చటుక్కున వెనక్కి తీసుకుంది. అమ్మ వింతగా చూసింది. "ఆకలిగా లేదమ్మీ" అని లేచిపోయింది.

ఆ తర్వాతిరోజు కనకరత్నం ఒక కబురు మోసుకొచ్చింది.

"వీర్రాజు తప్పు ఒప్పేసుకున్నాడట. మేనేజరుగారు ఆసుపత్రికెళ్ళి చిత్తుప్రతి చూపిస్తే, 'నానే సరిగ్గా సదవనేదు బాబూ' అన్నాడట. పాపం, మనిషి మంచివాడు."

షరీఫా సగం రోజు సెలవు పెట్టి బస్సెక్కింది. ఏం చెయ్యడానికి వెళుతున్నదీ ఆమె అనుకోలేదు. దారిలో ఆపిల్ పళ్ళు కొంది.

కాలినవాళ్ళ వార్డు పొడుగ్గా ఉంది. మందుల వాసన, దాని కింద ఇంకేదో వాసన. వీర్రాజు మంచం చివర్లో, గోడవారగా ఉంది. దుప్పటి తగలకుండా చేతిమీద ఇనపచువ్వల గూడులాంటిది పెట్టారు. మెడ పక్కన, గడ్డం కింద ఎర్రగా పొక్కి ఉంది. భార్య సన్యాసమ్మ స్టూలు మీద కూర్చుని చెంచాతో గంజి పడుతోంది. షరీఫాని చూసి వీర్రాజు లేవబోయాడు.

"వొద్దొద్దు, పడుకోండి."

"మా కంప్యూటరు మేడమ్" అని భార్యకి చెప్పాడు. సన్యాసమ్మ స్టూలు ఖాళీ చేసి, చీరచెంగుతో తుడిచి, "కూకోండమ్మా" అంది.

నొప్పి ఎలా ఉందని అడిగింది షరీఫా. తగ్గిందన్నాడు. తగ్గలేదని సన్యాసమ్మ మొహమే చెబుతోంది. అతనే మొదలుపెట్టాడు.

"తప్పు సదివీసినాను మేడమ్."

షరీఫా చేతిలో ఆపిల్ పళ్ళ సంచి చప్పుడైంది.

"ఏలెట్టి సదివినాను. రొండుసార్లు సదివినాను. తెరవండి అనే కనబడ్డాది. మద్దిలో క ఉన్నాదంట. నా కంటికి ఆననేదు." అతను గోడవైపు తిరిగాడు. "సారు కాయితం అట్టుకొచ్చి సూపించినారు. రాసే ఉంది. నానింకేటి సెప్పగలను? సదువొచ్చీసిందనుకున్నాను. అచ్చరాలు గుర్తెట్టడం సదువు కాదు గావాల."

సన్యాసమ్మ గిన్నె కింద పెట్టింది. "నన్ను కూడా బడి మానీమంతన్నాడమ్మా. ఇద్దరం కలిసే ఎల్లేవోళ్ళం. నిన్న పక్క మంచమాయన మందుసీటీ సదివి పెట్టరా అంటే, నాకు రాదు బాబూ అనీసినాడు. సిన్నపిల్లడిలాగ మొకం తిప్పీసుకున్నాడు."

షరీఫా నోరు తెరిచింది. అప్పుడే నర్సు ట్రే తోసుకుంటూ వచ్చి, కట్టు మార్చాలి, బయటికెళ్ళండంది. షరీఫా లేచింది. వరండాలో నిలబడితే సరిపోయేది. పళ్ళ సంచి మంచం కింద పెట్టి, "మళ్ళీ వస్తానండి" అని మెట్లు దిగిపోయింది. కట్టు విప్పుతున్నప్పుడు వీర్రాజు అరిచిన అరుపు మెట్ల మలుపు దగ్గర వినబడింది. ఆగలేదు.

బస్సులో కిటికీ పక్కన కూర్చుంది. చెయ్యి కాలినందుకు తను కారణం. అది ఒకటి. కానీ ఆ మనిషి పడుతున్న బాధ చేతిది కాదు. రాత్రిబడికి వెళ్ళి, అందరూ ఎగతాళి చేస్తుంటే పడి, వేలు పెట్టి నేర్చుకున్నదాన్ని అతను తన చేతులతోనే తీసి పారేస్తున్నాడు. అది తను పక్కన కూర్చుని చూసింది. ఒక్క మాటతో ఆపగలిగి ఉండీ చూసింది. ఇంటికి జగదాంబ దగ్గర దిగాల్సింది, దిగలేదు. బస్సు ఆఖరి స్టాపుకి పోయి, కండక్టరు "దిగండమ్మా" అన్నాక దిగింది.

ఆదివారం. అమ్మ ఎక్కడికని అడిగితే ఆసుపత్రికని చెప్పింది. ఈసారి పళ్ళు కొనలేదు.

సన్యాసమ్మ మంచం పక్కన నేలమీద కూర్చుని చిక్కుడుకాయల ఈనెలు తీస్తోంది. వీర్రాజు మెలకువగానే ఉన్నాడు. షరీఫా స్టూలు మీద కూర్చోలేదు. నిలబడే చెప్పింది.

"వీర్రాజు గారూ, కార్డులో 'తెరవండి' అనే ఉంది."

అతను అర్థంకానట్టు చూశాడు.

"మీరు సరిగ్గానే చదివారు. కనకరత్నం 'తెరవకండి' అనే కొట్టింది. మధ్యలో నా ప్రోగ్రాము దాన్ని మార్చి 'తెరవండి' అని అచ్చువేసింది. మీ కంటి తప్పు కాదు. నేను మళ్ళీ కొట్టి చూశాను."

"మల్లీ సెప్పండి."

మళ్ళీ చెప్పింది.

"తెరవండి అనే ఉందా?"

"ఉంది."

"మద్దిలో క నేదా?"

"లేదు."

వీర్రాజు తల దిండుమీదికి వాల్చాడు. పైకప్పుకేసి చూస్తూ ఉండిపోయాడు. కళ్ళ చివర్లనుంచి నీళ్ళు చెవుల్లోకి కారాయి. ఎడంచేత్తో మంచం పట్టీ మీద తడుముకుని భార్య భుజం పట్టుకున్నాడు.

"సన్యాసీ, ఇన్నావా? నాను సరిగ్గానే సదివినాను."

షరీఫా తిట్లకి సిద్ధపడి వచ్చింది. గూడులో కట్లచెయ్యి పెట్టుకున్న మనిషి మొహంలో ఇంత సంతోషం చూడ్డానికి సిద్ధపడలేదు. ఎక్కడ చూడాలో తెలియక నేలకేసి చూసింది.

సన్యాసమ్మ ఒళ్ళోని చిక్కుడుకాయలు పక్కకి తోసి లేచి నిలబడింది.

"నీకెప్పుడు తెలిసిందమ్మా ఈ సంగతి?"

"ప్రమాదం జరిగిన రోజే."

"మొన్నొచ్చినావు కదా! ఈ స్టూలు మీదే కూకున్నావు. ఆయన తన్ను తాను తిట్టుకుంతంటే ఇన్నావు. పళ్ళెట్టి ఎల్లిపోనావు."

"భయపడ్డాను."

"దేనికి?"

మనసులో ఉన్న జవాబు ఆ మంచం పక్కన నిలబడి చెప్పుకుంటే ఎంత చిన్నగా ఉందో షరీఫాకి అప్పుడు తెలిసింది. "నా పేరు పోతుందని" అంది.

"మరి మా ఆయన పేరు?"

పక్క మంచం ముసలాయన లేచి కూర్చుని ఇటే చూస్తున్నాడు.

"ఒగ్గీయే" అని భార్యని ఆపాడు వీర్రాజు. అతని గొంతులో సంతోషం అప్పటికి తగ్గింది. షరీఫాని తేరిపార చూశాడు. ఆ చూపులో కిటికీ దగ్గరి నవ్వు లేదు. "నాతో సెప్పీసి ఎల్లిపోతే సాలదు మేడమ్. రేపు ఎంక్వైరీ. నోటిమాట ఎవులింటారు? కాయితం మీద రాసియ్యండి."

షరీఫా సంచిలోంచి కాగితం తీసింది. స్టూలునే బల్లగా చేసుకుని, నేలమీద మోకాళ్ళమీద కూర్చుని రాసింది. రాసి లేచి చదివి వినిపించబోతే, వీర్రాజు ఎడంచెయ్యి చాపాడు.

"ఇటియ్యండి. నాను సదువుతాను."

సన్యాసమ్మ కాగితాన్ని అతనికి ఎదురుగా పట్టుకుంది. ఎడంచేతి వేలు లైను కింద పెట్టాడు. మొదటి మాట దగ్గర చాలాసేపు ఆగాడు. ఉన్నదే ఉందా లేదా అని అక్షరం అక్షరం తడిమి చూసుకుంటున్నట్టు, వెనక్కి వచ్చి మళ్ళీ మొదలుపెట్టాడు.

"కార్డులో... 'తెరవకండి' అన్న మాట... 'తెరవండి' అని... అచ్చయింది. కంప్యూటరు ప్రోగ్రాములో... లోపం వలన... ఈ పొరపాటు... జరిగింది."

చదవడం అయ్యాక కూడా వేలు చివరి మాట కిందే ఉంది.

"ఏమండీ, ఏమైనా అర్థం కాలేదా?" అంది షరీఫా.

"అర్తమైంది. అచ్చయింది. జరిగింది." అతను కళ్ళెత్తాడు. "ఎవులు సేసినట్టు నేదు ఇందులో."

షరీఫా వంగి తను రాసినదాన్ని మళ్ళీ చూసింది.

"సారు నా గురించి రాసిన కాయితం కూడా సదివి ఇనిపించినారు మేడమ్. 'వీర్రాజు వాల్వు తెరిచాడు' అని రాసినారు. 'వాల్వు తెరుచుకుంది' అని రాయనేదు. నా కాడికొచ్చీసరికి నాను సేసినట్టు రాసినారు. మీ కాడికొచ్చీసరికి దానంతటదే జరిగిపోనాదా?"

వార్డులో ఎక్కడో గిన్నె కిందపడిన చప్పుడైంది. షరీఫా చెయ్యి చాపి కాగితం తీసుకుంది. తోకలు ఎలా మారతాయో, ఒక్కొక్క తోకకీ అర్థం ఎలా మారుతుందో అంతంత ప్రోగ్రాము రాసింది తను. ఈ మాట రాసేటప్పుడు చెయ్యి దానంతటదే ఆ తోక వైపు పోయింది. తప్పించుకుంటున్నానని కూడా తెలియకుండా పోయింది.

కాగితం వెనక్కి తిప్పి మళ్ళీ రాసింది. ఈసారి చాలాసేపు పట్టింది. సన్యాసమ్మ పట్టుకుంటే అతను చదివాడు.

"ఆ ప్రోగ్రాము నేను రాశాను. అందులో లోపం ఉందని తెలిసి కూడా... సరిచెయ్యలేదు. దాని వల్ల కార్డు తప్పుగా అచ్చువేశాను. ఆ సంగతి ప్రమాదం జరిగిన రోజే తెలుసుకున్నాను. చెప్పకుండా దాచాను. వీర్రాజు... కార్డుని... సరిగ్గానే చదివారు."

చివరి వాక్యం ఇంకోసారి చదివాడు. పక్క మంచం ముసలాయన "ఏటున్నాదిరా అందులో?" అని అడిగితే, మొదట్నుంచి మళ్ళీ, గొంతెత్తి చదివాడు. అటుపక్క మంచాలవాళ్ళు మాటలాపి విన్నారు. ఒక్కొక్క మాటా షరీఫా వీపుమీద పడుతోంది. ఆమె అక్కణ్ణుంచి కదల్లేదు. అంతా విన్నది.

"ఇప్పుడు సంతకం ఎట్టండి" అన్నాడు వీర్రాజు.

సోమవారం ఎంక్వైరీ మొదలవకముందే షరీఫా ఆ కాగితం గురునాథరావు బల్లమీద పెట్టింది. ఆయన నిలబడే చదివాడు. కూర్చుని మళ్ళీ చదివాడు.

"నేను చెప్పింది విన్లేదన్నమాట."

"ఆ రోజు విన్నాను సార్. వినకుండా ఉండాల్సింది."

"సరే, చెప్పాలనుకున్నావు, చెప్పు. కానీ ఇదేమిటమ్మా? తెలిసి కూడా చెయ్యలేదు, దాచాను... ఎవరైనా తన మెడకి తనే ఇలా చుట్టుకుంటారా?" సొరుగులోంచి తెల్లకాగితం తీసి ఆమె ముందుకి జరిపాడు. "లోపం వల్ల పొరపాటు జరిగింది అని రాయి, చాలు. వీర్రాజు బయటపడతాడు, నీకూ ఏమీ కాదు."

"ముందు అలాగే రాశాను సార్. ఆయన ఒప్పుకోలేదు."

"ఎవరు?"

"వీర్రాజు గారు. చదివి, కాదన్నారు."

"చదివాడా?"

"వార్డంతా వినబడేలా చదివారు."

గురునాథరావు తెల్లకాగితాన్ని వెనక్కి లాక్కున్నాడు. అదే కాగితాన్ని సొరుగులో పెట్టబోయి, పెట్టకుండా బల్లమీదే ఉంచేసి, కిటికీలోంచి షెడ్డుకేసి చూస్తూ కూర్చున్నాడు. తర్వాత షరీఫా రాసిన కాగితం తీసుకుని ఎంక్వైరీ గదిలోకి వెళ్ళాడు.

వీర్రాజు మీద పెట్టిన ఆరోపణ ఆ రోజే తీసేశారు. తెలుగు కార్డులు కొన్నాళ్ళు ఆపేసి, తర్వాత ఇంజనీరు రాసిన చిత్తుప్రతినే స్టెన్సిలు కోసి పంచడం మొదలుపెట్టారు. షరీఫా లైబ్రరీ ఉన్న ఫ్లాపీలు బీరువాలోకి పోయాయి. ఆమెని జీతాల లెక్కల ప్రోగ్రాముకి మార్చారు. వరండాలో నడుస్తుంటే వెనకనుంచి ఆ మాట వినబడనే వినబడింది - తెలుగు రానివాళ్ళకి ఇస్తే ఇంతే అని. ఇన్నేళ్ళు ఏ మాటకి భయపడిందో ఆ మాట. విని, నడిచి, తన గదిలోకి వెళ్ళి పని మొదలుపెట్టింది.

వీర్రాజు వానాకాలం వెళ్ళాక పనిలోకి వచ్చాడు. కుడిచేతి చివరి రెండు వేళ్ళు అరచేతిలోకి ముడుచుకునే ఉండిపోయాయి. స్పానరు ఎడంచేత్తో పట్టడం అలవాటు చేసుకుంటున్నాడు. నోటీసు బోర్డు ముందు నిలబడి పైకే చదువుతున్నాడు. తక్కినవాళ్ళు ఇప్పుడు ఎగతాళి చెయ్యడం మానేసి చుట్టూ చేరి వింటున్నారు. షరీఫా ఎదురైతే "బాగున్నారా మేడమ్?" అంటాడు. ఆమె "మీరెలా ఉన్నారు?" అంటుంది. చెయ్యికేసి చూడకుండా ఉండాలనుకుంటుంది, చూస్తుంది. "అయిందేదో అయింది, పోనీండి" అన్న మాట ఒక్కటి అతను అంటాడేమోనని చాలాకాలం ఎదురుచూసింది.

అతను అనలేదు.